మాకియవెల్లిని చదవాలంటే ఏ గైడు మేలు?

పొలిటికల్ సైన్స్ ఆప్షనల్‌తో సివిల్స్‌కి చదివేవాళ్లు నన్ను తరచూ అడిగే ప్రశ్న ఇది: "అన్నా, ప్లేటో మొదలుకొని గ్రామ్‌షీ దాకా ఇంతమంది రాజకీయ తత్వవేత్తలు ఉన్నారు. అందరి మూలగ్రంథాలూ చదవడం అయ్యే పని కాదు. ఏ గైడు పట్టుకోమంటావు?" అందరికీ కలిపి ఒకే జవాబు చెప్తే అది ఎక్కడా సరిగ్గా అతకదు. కాంట్‌కి కుదిరిన సలహా మాకియవెల్లికి కుదరదు. అందుకే నేను ఎక్కువగా తిరగేసిన, పదహారో శతాబ్దపు ఇటలీ రాజకీయ తత్వవేత్త మాకియవెల్లి దగ్గరే ఆగి, అతని మీద ఇంగ్లిష్‌లో ఉన్న మూడు గైడ్లను పక్కపక్కన పెడతాను.

మొదటిది క్వెంటిన్ స్కిన్నర్ రాసిన చిన్న పుస్తకం. 1981లో వచ్చింది. ఇప్పుడు ఆక్స్‌ఫర్డ్ వాళ్ల 'వెరీ షార్ట్ ఇంట్రడక్షన్' వరుసలో దొరుకుతుంది. నాలుగే అధ్యాయాలు: దౌత్యవేత్తగా, రాజులకు సలహాదారుగా, స్వేచ్ఛ గురించి ఆలోచించినవాడిగా, తన సొంత నగరం ఫ్లోరెన్స్ చరిత్రకారుడిగా మాకియవెల్లి. రెండోది 2010లో జాన్ నాజెమీ సంపాదకత్వంలో వచ్చిన 'కేంబ్రిడ్జ్ కంపానియన్'. ఒక్కో వ్యాసం ఒక్కో పండితుడిది. మూడోది స్టాన్‌ఫర్డ్ ఎన్‌సైక్లోపీడియా ఆఫ్ ఫిలాసఫీలో క్యారీ నెడర్మన్ రాసిన వ్యాసం. 2005 నుంచి ఆన్‌లైన్‌లో ఉంది, పైసా ఖర్చు లేదు.

వీటిని కొలవడానికి నాకు ఒక గట్టి కొలబద్ద ఉంది. రాజు అధికారం ఎలా నిలబెట్టుకోవాలో మాకియవెల్లి రాసిన 'ది ప్రిన్స్' మొత్తం ఇరవయ్యారు అధ్యాయాలే, ఒక ఆదివారం కూర్చుంటే అయిపోతుంది. కాబట్టి మాకియవెల్లి విషయంలో గైడు పని మనకు టైమ్ మిగల్చడం కాదు. పుస్తకం మనమే చదివినా కంటికి కనబడనిదాన్ని చూపించడం దాని పని. అది చేయని గైడు ఎంత లావుగా ఉన్నా దండగే.

పద్దెనిమిదో అధ్యాయం తీసుకోండి. రాజు సింహమూ కావాలి, నక్కా కావాలి అంటాడు. సింహానికి ఉచ్చులు కనబడవు, నక్క తోడేళ్లను ఎదిరించలేదు. ఈ మాట ప్రతి నోట్స్‌లోనూ ఉంటుంది, మనమూ జవాబులో దించేస్తాం. స్కిన్నర్ ఇక్కడ మనల్ని ఆపుతాడు. ఆ సింహం, ఆ నక్క మాకియవెల్లి సొంతం కావు, రోమన్ రచయిత సిసిరో నుంచి వచ్చాయి. బలప్రయోగం సింహం లక్షణం, మోసం నక్క లక్షణం, రెండూ మనిషికి తగనివే అన్నాడు సిసిరో. మాకియవెల్లి రోజుల్లో చదువుకున్న ప్రతివాడికీ సిసిరో మాట కంఠతా వచ్చు. అదే బొమ్మను తీసుకుని మాకియవెల్లి తలకిందులు చేశాడు. ఇది తెలిశాక ఆ అధ్యాయం మళ్లీ చదివితే ఒళ్లు జలదరిస్తుంది. ఒక మనిషి తనకు చదువు చెప్పిన సంప్రదాయంతోనే నేరుగా తలపడుతున్నాడని అప్పుడు అర్థమవుతుంది. మూలం వందసార్లు చదివినా ఈ సంగతి మనంతట మనకు తట్టదు. నా వరకు, స్కిన్నర్ పుస్తకం ఖరీదు ఆ ఒక్క పేజీతోనే తీరిపోయింది.

ఇక రెండో పరీక్ష, 'విర్తూ' అనే ఇటాలియన్ మాట. డిగ్రీ రోజుల్లో ఎవరిదో నోట్స్ చూసి దీన్ని "సద్గుణం" అని రాసుకున్నాను. ఏళ్ల తరబడి అలాగే రాశాను. తర్వాత పదిహేడో అధ్యాయంలో రోమ్‌తో పోరాడిన కార్తేజ్ సేనాని హానిబాల్ గురించి చదువుతుంటే కాలికి రాయి తగిలినట్టయింది. అతని అమానుషమైన క్రూరత్వం లేకపోతే "మిగతా" విర్తూలు సరిపోయేవి కావు అంటాడు మాకియవెల్లి. అంటే క్రూరత్వం కూడా ఆ లెక్కలోనే ఉంది! సద్గుణం అనుకుంటే ఆ వాక్యానికి అర్థమే లేదు. లాటిన్‌లో 'విర్' అంటే పురుషుడు, విర్తూ దాని నుంచే పుట్టింది. మనకు పురుషుడి నుంచి పౌరుషం వచ్చినట్టే. ఇంగ్లిష్‌వాళ్లు 'వర్చ్యూ' అని రాసి, అది వర్చ్యూ కాదని పేజీల కొద్దీ వివరించుకోవాలి. మనం పౌరుషం, సత్తా అంటే సగం దారి వచ్చేసినట్టే.

ఈ మాట మీద స్టాన్‌ఫర్డ్ వ్యాసం చాలా పనికొస్తుంది. విర్తూకీ ఫార్చూనాకీ (అంటే అదృష్టానికీ) ఉన్న సంబంధాన్ని నెడర్మన్ వేరే విభాగంగా తీసుకుని విడమరిచి చెప్తాడు. ఫార్చూనా ఉప్పొంగే నదిలాంటిది, ముందే గట్లు వేసుకుంటే నష్టం తగ్గుతుంది అని ఇరవయ్యైదో అధ్యాయంలో మాకియవెల్లి అన్నది గోదావరి ఒడ్డున పుట్టినవాడికి ఎవరూ వివరించక్కర్లేదు. కానీ 'స్టాటో' అనే మాట అలా కాదు. మనం దాన్ని "రాజ్యం" అనేసి ముందుకు పోతాం. మాకియవెల్లి చేతిలో అది ఇప్పటి స్టేట్ అనే అర్థంలో ఉందా, లేక రాజుకు వ్యక్తిగతంగా ఉన్న పట్టు అనే అర్థంలోనా అన్నది పండితుల మధ్య పెద్ద తగాదా. స్టాన్‌ఫర్డ్ వ్యాసం ఆ తగాదాను ఇరువైపులా చూపిస్తుంది. ఒక మాట దగ్గర అనుమానం వస్తే తెరిచి, చూసుకుని మూసేయడానికి ఇంతకన్నా మంచిది నాకు తెలియదు. కానీ మొదటి పేజీ నుంచి చివరిదాకా చదువుకుంటూ పోతే మనిషి కనబడడు, విభాగాలే కనబడతాయి. 1512లో ఉద్యోగం పోయి, మరుసటి ఏడు జైల్లో చిత్రహింసలు పడి, పల్లెటూళ్లో కూర్చుని రాసుకున్నవాడి గుండెచప్పుడు అందులో వినబడదు.

స్కిన్నర్‌లో వినబడుతుంది. అయితే అతనితోనూ ఒక జాగ్రత్త అవసరం. అతనికి తనదైన వాదం ఉంది. మాకియవెల్లిని ప్రధానంగా రోమన్ రిపబ్లిక్ సంప్రదాయంలో, స్వేచ్ఛను ప్రేమించినవాడిగా చూస్తాడు. 1958లో రాజకీయ తత్వవేత్త లియో స్ట్రాస్ మాకియవెల్లి మీద రాసిన పుస్తకం ఇందుకు పూర్తిగా వేరే దారి. మాకియవెల్లి చెడు నేర్పిన గురువు అన్న పాత అభిప్రాయాన్ని తేలిగ్గా కొట్టిపారేయొద్దని స్ట్రాస్ మొదట్లోనే అంటాడు. స్కిన్నర్ ఒక్కడినే చదివినవాడికి ఎదుటిపక్షం బలం తెలియదు. ఒకే గొంతు కాబట్టి పుస్తకం హాయిగా సాగుతుంది, ఆ హాయి వల్లే మనం ఎదురు ప్రశ్న వేయడం మర్చిపోతాం.

కేంబ్రిడ్జ్ కంపానియన్ పనికొచ్చేది సరిగ్గా అక్కడే. ఫ్లోరెన్స్ ప్రభుత్వ కచేరీలో ఉద్యోగం, ఆ నగరాన్ని ఏలిన మెడిచీ కుటుంబంతో సంబంధాలు, నాటకాలు, కవిత్వం, తర్వాతి తరాల్లో అతని పేరు మోసిన అపకీర్తి, ఇలా ఒక్కో వ్యాసం ఒక్కో మూల నుంచి చూస్తుంది. కానీ కొత్తవాళ్ల చేతిలో దీన్ని పెట్టొద్దు. ఒకతనికి నేనే ఇచ్చి తప్పు చేశాను. రెండు వ్యాసాలు చదివి, "ఎవరి మాట నమ్మాలో తెలియట్లేదన్నా, టెన్షన్ వస్తోంది" అని వారం తిరక్కుండా తెచ్చి ఇచ్చేశాడు. తప్పు అతనిది కాదు. ఆ వ్యాసాలు రాసినవాళ్లు, మనకు మూలం తెలుసనే ధీమాతో రాశారు. ఖరీదు కూడా ఎక్కువ కాబట్టి దీన్ని కొనొద్దు, యూనివర్సిటీ లైబ్రరీలో కూర్చుని కావాల్సిన వ్యాసం ఒక్కటే చదువుకోండి.

నా ఓటు స్కిన్నర్‌కే, కానీ 'ది ప్రిన్స్' చదివాకే. ముందు గైడు చదివితే మూలంలో గైడు చెప్పినవే కనబడతాయి. నెల రోజుల్లో పరీక్ష ఉన్నవాళ్లు కూడా ఈ వరుస మార్చొద్దు. ఆదివారం మూలం, ఆ వారమంతా స్కిన్నర్, అనుమానం వచ్చిన మాటకల్లా స్టాన్‌ఫర్డ్. కంపానియన్ పీజీ వాళ్లకూ రిసెర్చ్ వాళ్లకూ వదిలేయండి. ఇదే వరుస జర్మన్ తత్వవేత్త హెగెల్‌కి పెడితే మునుగుతారు, అక్కడ ముందు పీటర్ సింగర్ చిన్న పుస్తకం పట్టుకోవాల్సిందే.

ఇంకో మాట. "లక్ష్యం మంచిదైతే మార్గం ఏదైనా ఫర్వాలేదు" అని మాకియవెల్లి అన్నట్టు కోట్ పెట్టి మరీ రాస్తున్నారు. ఆ వాక్యం 'ది ప్రిన్స్'లో లేదు. పద్దెనిమిదో అధ్యాయంలో అతను అన్నది, పైన అప్పీలు చేసుకోవడానికి కోర్టు లేనిచోట మనుషులు, ముఖ్యంగా రాజుల పనులను, జనం ఫలితం చూసి తూకం వేస్తారని. జనం ఎలా చూస్తారో చెప్పడం వేరు, అదే సరైనదని చెప్పడం వేరు. ఏ గైడు కొనాలో తేల్చుకోలేకపోతే షాపులోనే ఆ అధ్యాయం గురించి రాసిన పేజీ తీసి చూడండి. ఈ తేడా పట్టించుకోని పుస్తకాన్ని అక్కడే పెట్టేసి రండి.