7 వేల డాలర్ల సినిమా వెనుక డైరీ: ‘రెబెల్ వితౌట్ ఎ క్రూ’

చేతిలో డబ్బు లేకుండా సినిమా తీయాలనుకునేవారికి ఎవరో ఒకరు తప్పకుండా చెప్పే పేరు అమెరికన్ దర్శకుడు రాబర్ట్ రోడ్రిగెజ్. 1995లో వెలువడిన ఆయన పుస్తకం ‘రెబెల్ వితౌట్ ఎ క్రూ’ను నేను రెండుసార్లు చదివాను. మొదటిసారి ఉత్సాహం కోసం చదివితే, రెండోసారి పెన్సిల్ పట్టుకుని చదివాను. దీని అసలు విలువ ఆ రెండోసారే తెలిసింది.

ఇది డైరీ. 1991లో టెక్సస్‌లోని ఆస్టిన్‌లో ఉన్న 23 ఏళ్ల యువకుడు, మందులను మనుషులపై పరీక్షించే కేంద్రంలో నెల రోజులుండి డబ్బు సంపాదించడం, అక్కడే స్క్రిప్టు రాసుకోవడం, సరిహద్దు దాటి మెక్సికోలోని సియుడాడ్ అకూన్యాలో రెండు వారాల్లో, 7 వేల డాలర్లతో తన తొలి సినిమా ‘ఎల్ మరియాచి’ తీయడం, స్పానిష్ వీడియో మార్కెట్‌కు అమ్ముకుంటే చాలనుకున్న ఆ సినిమాను హాలీవుడ్ స్టూడియో కొలంబియా పిక్చర్స్ కొనుక్కోవడం, 1993లో అమెరికాలోని సన్‌డాన్స్ చిత్రోత్సవంలో దానికి ప్రేక్షకుల అవార్డు రావడం తేదీలవారీగా ఇందులో ఉన్నాయి.

మనవాళ్లు చెప్పే 24 క్రాఫ్టుల్లో రచన, దర్శకత్వం, కెమెరా, సౌండ్, ఎడిటింగ్ ఆయన ఒక్కరే చూసుకున్నారు. ఆ పనులు ఒకదానికొకటి ఎలా సాయపడ్డాయో పుస్తకం చక్కగా చూపిస్తుంది. అరువు తెచ్చిన 16 ఎంఎం కెమెరా బాగా చప్పుడు చేసేది కాబట్టి షాట్‌ను మూగగానే తీసి, కట్ చెప్పాక మైకు దగ్గరపెట్టి నటులతో అవే మాటలు మళ్లీ చెప్పించి, మామూలు క్యాసెట్ రికార్డర్‌లో ఎక్కించుకున్నారు. ఎడిటింగులో పెదవులకూ మాటకూ పొంతన తప్పిన చోటల్లా వేరే షాట్‌కు వెళ్లిపోయారు. సినిమాకు ఆ పరుగు చాలావరకు అలా వచ్చిందే. రేపు కత్తిరించబోయేది తానే కనుక, ఏ షాట్ ఎంత అవసరమో ఆయనకు సెట్లోనే తెలుసు, అందుకే ఫిల్ము వృథా కాలేదు. కెమెరాను కదిలించే ట్రాలీకి బదులు చక్రాల కుర్చీ వాడిన సంగతి అందరూ చెప్పుకుంటారు గానీ, నాకు ఈ సౌండ్ సంగతే ఎక్కువ పాఠం.

రెండో సగం అంత పట్టుగా లేదు. స్టూడియోల్లో సమావేశాలు, ఏజెంట్ల ఫోన్లు ఒకే తీరున సాగుతాయి. ఒక జాగ్రత్త కూడా చెప్పాలి. ఆ 7 వేల డాలర్లలో అధిక భాగం ఫిల్ముకూ, ల్యాబుకూ పోయింది, అది వీడియో ప్రతి వరకే అయిన ఖర్చు. థియేటర్ ప్రింటుకూ, సౌండ్‌కూ తర్వాత కొలంబియా పెట్టిన డబ్బు అంతకు ఎన్నో రెట్లు. ఈ అంకెను నమ్మి ఇంట్లోవారి దగ్గర అప్పు చేసే కుర్రాళ్లు ఈ తేడాను గట్టిగా గుర్తుంచుకోవాలి.

చివర్లో ‘పది నిమిషాల ఫిల్మ్ స్కూల్’ అనే అధ్యాయం, పూర్తి స్క్రీన్‌ప్లే ఇచ్చారు. ఇంగ్లిష్ తేలికగా ఉంటుంది. ఫిల్ము, ల్యాబు కాలం పోయింది కనుక సాంకేతిక వివరాలు కొన్ని పాతబడ్డాయి, అయినా కొనుక్కుని దగ్గర పెట్టుకోదగ్గ పుస్తకమే. ముందు సినిమా చూసి, షూటింగు రోజుల పేజీలు చదివి, ఆ సీన్లను మళ్లీ సౌండ్ ఆపేసి చూడండి. ఏ కట్ ఎందుకు పడిందో కంటికే కనిపిస్తుంది.