చాక్లెట్, పీనట్ బటర్ పై: పెట్టెలో పొడి మేలా, పొయ్యి మీద కలిపింది మేలా?

ముందే తీర్పు చెప్పేస్తా, ఓపిక లేనివాళ్లు ఇక్కడే ఆగిపోవచ్చు. చాక్లెట్ పొర పొయ్యి మీద కార్న్‌స్టార్చ్‌తో (మన కార్న్‌ఫ్లోర్) మీరే కలుపుకోండి, పీనట్ బటర్ మాత్రం షాపులో దొరికే మామూలు డబ్బాదే వాడండి, అడుగుకి ఓరియో బిస్కెట్లు వేయండి. మొదటిదాని గురించి ఎవరితోనైనా వాదించడానికి నేను రెడీ. రెండోది ఒప్పుకోవడానికే, అనంతపురం జిల్లాలో పుట్టినవాణ్ని కదా, రెండేళ్లు పట్టింది.

తెలియనివాళ్ల కోసం ఒక మాట. బిస్కెట్ పొడిని కరిగించిన వెన్నతో తడిపి గుండ్రటి పాత్రలో అడుగుకీ అంచులకీ అదిమి, అందులో చాక్లెట్ పుడ్డింగ్ ఒక పొర, పీనట్ బటర్ క్రీమ్ ఒక పొర పోసి ఫ్రిజ్‌లో గట్టిపరిస్తే అదే ఈ పై. (తెలుగులో రాయడం మొదలుపెట్టాకే తెలిసింది, 'పై పైన క్రీమ్' అని రాయాల్సి వస్తుందని.) అమెరికాలో చాక్లెట్‌కీ పీనట్ బటర్‌కీ ఉన్న జోడీ మనకు పల్లీలకీ బెల్లానికీ ఉన్నలాంటిది. పెన్సిల్వేనియాలోని హెర్షీ ఊళ్లో హెచ్.బి. రీస్ అనే ఆయన 1928లో చాక్లెట్ కప్పుల్లో పీనట్ బటర్ నింపి అమ్మడం మొదలుపెట్టాడు, ఇప్పటికీ ఇక్కడ ఏ షాపు కౌంటర్ దగ్గర చూసినా ఆ నారింజరంగు పొట్లాలే. అవెన్ ముట్టుకోం కాబట్టి దీన్ని నో-బేక్ అంటారు. "మరి స్టవ్ వెలిగిస్తే నో-బేక్ ఎలా అవుతుంది?" అని మా ఆవిడ అడిగింది. బేక్ అంటే అవెనే, స్టవ్ లెక్కలోకి రాదు అని నా వాదన. ఇంట్లో ఇంకా తేలలేదు.

ఇక అసలు పోటీ. పెట్టెలో వచ్చే ఇన్‌స్టంట్ పుడ్డింగ్ పొడి ఒకవైపు, గిన్నెలో ఉడికించేది ఇంకోవైపు.

పెట్టె దగ్గర నాకు ఏ గొడవా లేదు, నిజంగా పని తేలిక. 3.9 ఔన్సుల చాక్లెట్ పెట్టెలు రెండు, చల్లటి పాలు రెండుముప్పావు కప్పులు, రెండు నిమిషాలు గిలకొడితే చాలు, ఇంకో ఐదు నిమిషాల్లో చెంచా నిలబడేంత చిక్కబడుతుంది. మంట లేదు, అడుగంటడం లేదు, ఉండలు కట్టే భయం లేదు, పదేళ్ల పిల్లాడికి అప్పజెప్పొచ్చు. జెలటిన్ ఉంటుందేమోనని శాకాహారులు కొందరు దీన్ని పక్కన పెడతారు, వాళ్లు భయపడాల్సింది జెల్లీ పొడి గురించి, పుడ్డింగ్ పొడిలో చిక్కబరిచేది పిండే. అయినా పెట్టె వెనక ఒకసారి చదివి కొనండి, పోయేదేముంది.

కానీ అది చల్లటి పాలలోనే ఎలా గట్టిపడుతుందో తెలియక నేను ఒకసారి పరువు పోగొట్టుకున్నా. మూడేళ్ల కిందట మా కాంప్లెక్స్‌లో తెలుగువాళ్లందరం పాట్‌లక్ (తలా ఒక వంటకం తెచ్చుకునే విందు) పెట్టుకున్నాం, స్వీటు నా వంతు. వచ్చేవాళ్లలో ఒక పిల్లాడికి పాలు పడవని తెలిసి మామూలు పాలకు బదులు బాదం పాలు పోశా (మధ్యలో వెన్న, క్రీమ్ ఎలాగూ ఉన్నాయి కదా అనే తెలివి అప్పుడు లేదు). రెండు నిమిషాలు కాదు, పది నిమిషాలు కొట్టినా అది కదల్లేదు, మెదల్లేదు. రాత్రంతా ఫ్రిజ్‌లో ఉంటే అదే సర్దుకుంటుందిలే అనుకున్నా. పొద్దున చూస్తే బిస్కెట్ మొత్తం నానిపోయి చాక్లెట్ రంగు జావ. చేసేదేం లేక గరిటెతో పేపర్ కప్పుల్లో పోసి, ఒక్కో స్పూను వేసి, దాని వాలకమే అంత అన్నట్టు బల్ల మీద పెట్టేశా. ఎదురింటి అక్క ఒక కప్పు తాగి, తిని అనట్లేదు, తాగి, "బాగుంది తమ్ముడూ, కాస్త ఇలాచీ పడుంటే ఇంకా బాగుండేది" అంది.

తర్వాత చదివితే సంగతి బోధపడింది. ఆ పొడిలో ముందే ఉడికించి ఆరబెట్టిన రకం పిండి ఉంటుంది, దాంతోపాటు ఫాస్ఫేట్ లవణాలు ఉంటాయి. ఆ లవణాలు పాలలోని కేసీన్ అనే ప్రోటీన్‌తో కలిసి గట్టిపరుస్తాయి. బాదం పాలలో కేసీన్ లేదు, అంతే కథ. సోయా పాలతోనూ ఇదే తంటా. కాబట్టి మీ ఇంట్లో ఆవు పాలు వాడకపోతే పెట్టె వైపు అసలు చూడకండి, ఉడికించే రకానికి ఆ ఇబ్బంది లేదు, అక్కడ పనిచేసేది వేడీ పిండీ మాత్రమే.

రుచి సంగతికొస్తే తేడా ఇంకా పెద్దది. పెట్టెదాంట్లో మొదట తీపి తగులుతుంది, తర్వాత వెనీలా వాసన, కోకో ఎక్కడో చివర్లో మొహమాటంగా వస్తుంది. ఒక్క పుడ్డింగ్‌గా తింటే పర్లేదు, కానీ దాని పక్కన తియ్యటి పీనట్ బటర్ క్రీమ్, కింద తియ్యటి బిస్కెట్, మూడూ కలిస్తే మూడో చెంచాకే మొహం మొత్తుతుంది. ఈ పైలో చాక్లెట్ పని చేదు అందించడం. ఆ చేదు మన చేతిలో ఉండాలంటే పొయ్యి వెలిగించాల్సిందే.

నేను కొలిచేది ఇలా: పాలు రెండున్నర కప్పులు, చక్కెర అర కప్పు, తియ్యదనం లేని కోకో పావు కప్పు, కార్న్‌స్టార్చ్ పావు కప్పు, చిటికెడు ఉప్పు, దించాక వేయడానికి డార్క్ చాక్లెట్ 4 ఔన్సులు అంటే 113 గ్రాములు, రెండు టేబుల్ స్పూన్ల వెన్న, కాస్త వెనీలా. మనం కార్న్‌ఫ్లోర్ అనేదాన్నే ఇక్కడ కార్న్‌స్టార్చ్ అంటారు. కార్న్‌ఫ్లోర్ అని రాసున్న సంచీ కొన్నారంటే అది మొక్కజొన్న పిండి, దాంతో రొట్టెలు చేసుకోవాలి. పొడులన్నీ ముందు పొడిగానే కలిపి, అర కప్పు చల్లటి పాలతో ముద్ద చేసుకుని, తర్వాత మిగతా పాలు పోస్తే ఉండలు కట్టవు. మంట మధ్యస్తంగా పెట్టి తిప్పుతూ ఉండాలి. మొదటి ఐదారు నిమిషాలు ఏమీ జరగదు, చాక్లెట్ పాలలా పలచగా అలాగే ఉంటుంది, ఇంకో చెంచా పిండి వేద్దామా అని చెయ్యి లాగుతుంది, వేయకండి. ఉన్నట్టుండి గరిటె బరువెక్కుతుంది, గిన్నె అడుగున చిక్కటి పొర తగులుతుంది, అర నిమిషంలో మొత్తం మారిపోతుంది. సంగటి ఉడికేటప్పుడు గుప్, గుప్ అని బుడగలు పగుల్తాయే, సరిగ్గా అలాగే పెద్ద బుడగ ఒకటి పైకొచ్చి పగులుతుంది. అక్కడి నుంచి ఇంకో నిమిషం తిప్పి దించాలి. బుడగ రాకముందే, చిక్కబడిందిలే అని దించేస్తే పచ్చిపిండి వాసన వస్తుంది, ముక్క కోస్తే నిలబడదు. ఇక్కడివాళ్లు చాలామంది ఇందులో గుడ్డు పచ్చసొన కూడా వేస్తారు. సొన వేస్తే ఉడుకు ఇంకా ముఖ్యం, సరిగా ఉడకని సొనలోని ఎంజైము రాత్రికి రాత్రే పిండిని కరిగించి మళ్లీ జారుగా చేసేస్తుంది. మన పాట్‌లక్‌లో గుడ్డు తిననివాళ్లు ఎప్పుడూ ఉంటారు కాబట్టి నేను వేయను, లేని లోటూ కనపడలేదు.

పొయ్యి రకానికి ఉన్న అసలు చిక్కు వేరే. అడుగున ఉన్నది కాల్చని బిస్కెట్ పొడి, దాన్ని పట్టి ఉంచేది గడ్డకట్టిన వెన్న, దాని మీద సలసలా కాగే పుడ్డింగ్ పోస్తే వెన్న కరిగి అంచులు కూలిపోతాయి. పూర్తిగా చల్లారనిద్దామంటే అది గిన్నెలోనే గట్టిపడుతుంది, గట్టిపడ్డాక కలిపితే విరిగిపోయి మళ్లీ అంత నున్నగా కుదరదు. మధ్యే మార్గం: బిస్కెట్ పాత్రను అరగంట ముందు ఫ్రీజర్‌లో పెట్టండి, పుడ్డింగ్‌ని ఒక పావుగంట అప్పుడప్పుడూ మెల్లగా తిప్పుతూ గోరువెచ్చగా అయ్యాక పోయండి, పోశాక ప్లాస్టిక్ కాగితాన్ని దాన్ని తాకేలా పరవండి, లేకపోతే తొరక కడుతుంది. నాలుగు గంటలు ఫ్రిజ్‌లో. పీనట్ బటర్ పొర ఆ తర్వాతే. పెట్టె రకానికి ఇంత కథ లేదని ఒప్పుకుంటా.

అడుగు సంగతి తొందరగా తేల్చేస్తా. సంప్రదాయం ప్రకారం గ్రాహమ్ క్రాకర్లు, అంటే కాస్త తేనె రుచి ఉండే గోధుమ బిస్కెట్లు వాడతారు, వాటికి చక్కెర కూడా కలపాలి. ఓరియోలైతే 24, మధ్యలో క్రీమ్‌తో సహా పొడి చేసి, ఐదు టేబుల్ స్పూన్ల వెన్న చాలు. ఆ క్రీమే జిగురులా పట్టుకుంటుంది, అవెన్ లేకుండా గట్టిగా నిలబడేది ఇదే, కోకో చేదు అదనం. షాపులో రెడీమేడ్ క్రస్టులు దొరుకుతాయి కానీ లోతు చాలదు, ఈ కొలతకు 9 అంగుళాల వెడల్పు, 2 అంగుళాల లోతు పాత్ర కావాలి.

ఇప్పుడు చెనిక్కాయల విషయం. మేం పల్లీలు అనం, వేరుశనగ అని బడి పుస్తకంలో రాసేవాళ్లం, ఇంట్లో మాత్రం చెనిక్కాయలే. ఊరి నుంచి తెచ్చుకున్న వేయించిన కాయలు ఉండగా డబ్బా ఎందుకని పొట్టు తీసి మిక్సీలో వేశా. ముందు పొడి, తర్వాత ముద్ద, గిన్నె గోడలు గీకుతూ పది నిమిషాలు తిప్పితే నూనె వదిలి జారుగా అయింది, వాసన చూస్తే మా అమ్మ వంటింట్లో నిలబడ్డట్టుంది. ఒక చెంచా నోట్లో వేసుకుని ఇక ఈ దేశానికి పీనట్ బటర్ నేర్పేది నేనే అనుకున్నా. క్రీమ్‌లో కలిపి పై మీద పరిచి మర్నాడు తీస్తే అంచు చుట్టూ నూనె మడుగు కట్టింది, పంటి కింద రవ్వరవ్వగా తగులుతోంది. మా ఆవిడ ఒక ముక్క తిని "చట్నీకి తాలింపు ఒక్కటే తక్కువండీ" అంది.

కారణం సులభం. ఇక్కడి చట్టం ప్రకారం పీనట్ బటర్ అని పేరు పెట్టాలంటే కనీసం 90 శాతం వేరుశనగ ఉండాలి, మిగతా 10లో చక్కెర, ఉప్పు, నూనె విడిపోకుండా కొద్దిగా హైడ్రోజనేట్ చేసిన నూనె కలుపుతారు. 'నేచురల్' డబ్బాల్లో చాలావాటికి ఆ పట్టు లేదు కాబట్టే పైన నూనె తేలుతూ ఉంటుంది, నా మిక్సీదీ ఆ జాతే. బ్రెడ్ మీదికి నేచురల్ హాయిగా వాడుకోండి, రుచి దానిదే మేలు. గంటల తరబడి నిలబడాల్సిన క్రీమ్‌లోకి మాత్రం జిఫ్, స్కిప్పీ లాంటి నున్నటి డబ్బా. ముప్పావు కప్పు పీనట్ బటర్, 4 ఔన్సుల మెత్తబడ్డ క్రీమ్ చీజ్, అర కప్పు చక్కెర పొడి కలిపి, గిలకొట్టిన క్రీమ్ అందులోకి నెమ్మదిగా తిప్పండి. ఊరి కాయల మీద మనసు ఉండబట్టకపోతే దంచి పైన చల్లండి, నేను అదే చేస్తున్నా.

క్రీమ్‌లోనూ రెండు దారులు. గిలకొట్టిన క్రీమ్‌కి బదులు రెడీమేడ్‌గా దొరికే కూల్ విప్ డబ్బా ఒకటి, అసలైన హెవీ క్రీమ్ (కొవ్వు ఎక్కువున్న క్రీమ్) గిలకొట్టింది ఒకటి. కూల్ విప్‌ని జనరల్ ఫుడ్స్ అనే కంపెనీలో పనిచేసిన విలియం మిచెల్ అనే రసాయన శాస్త్రవేత్త కనిపెట్టాడు, 1966లో మార్కెట్‌లోకి వచ్చింది. నోట్లో రేకులా పెదవులకు అంటుకునే ఒక గుణం ఉంది దానికి, నాకు నచ్చదు, కానీ రెండు రోజులైనా కుంగదు. ముప్పావు కప్పు హెవీ క్రీమ్ గిలకొడితే రుచి ఎంతో మెరుగు, పైన అలంకరణకి వాడితే మాత్రం మర్నాటికి నీరు ఊరుతుంది. పీనట్ బటర్‌లో కలిసిపోయాక ఆ బాధ లేదు, కాబట్టి లోపల అసలు క్రీమ్, పైన ఏమీ వద్దు.

హైదరాబాద్‌లోనో విజయవాడలోనో చేసేవాళ్లకు ఈ పోటీయే అక్కర్లేదు, కార్న్‌ఫ్లోర్ ప్రతి కిరాణా కొట్లో ఉంటుంది, ఉడికించుకోండి. ఓరియో సరే, బర్బన్ బిస్కెట్లూ బాగుంటాయి. ఒక్కటే జాగ్రత్త, అమూల్ ఫ్రెష్ క్రీమ్‌లో కొవ్వు 25 శాతమే, ఎంత కొట్టినా నిలబడదు, విప్పింగ్ క్రీమ్ అని విడిగా అడిగి తెచ్చుకోండి.

పెట్టె గెలిచే చోటు కూడా ఒకటుంది. ఉడికించిన కార్న్‌స్టార్చ్ ఫ్రీజర్‌లో పెడితే పాడవుతుంది, కరిగాక నీరు వదిలి స్పాంజిలా అవుతుంది. పెట్టె పొడి, కూల్ విప్ కలిపింది గడ్డకట్టించి ఐస్‌క్రీమ్‌లా తినొచ్చు. అందుకే ఆగస్టులో టెక్సాస్ ఎండకి పార్కులో పిక్నిక్ అంటే నేనూ పెట్టె రకమే చేస్తా, రాత్రంతా ఫ్రీజర్‌లో ఉంచి, ఐస్ పెట్టెలో తీసుకెళ్లి, సగం కరిగినప్పుడు కోస్తా. 90 డిగ్రీల ఫారెన్‌హీట్ దాటితే గంటకు మించి పాలతో చేసినవి బయట ఉంచకూడదు, గుర్తుంచుకోండి. ఇంకా, వేరుశనగ పడని పిల్లలు ఇక్కడ ఎక్కువ, కాబట్టి పాత్ర మీద పెద్ద అక్షరాలతో ఒక చీటీ అంటించి, కోసే చాకు వేరే పెడతా. ఆ చాకుని వేడి నీళ్లలో ముంచి తుడిచి ఒక్కో ముక్కా కోస్తే పొరలు విడివిడిగా కనిపిస్తాయి. మొదటి ముక్క మాత్రం ఎప్పుడూ ముక్కలా రాదు, అది కోసినవాళ్లదే.