ఫ్రాన్స్‌ను ఫ్రెంచివాళ్లే ఏకిపారేసిన మూడు సిరీస్‌లు: ముందు ఏది చూడాలి?

‘ఎ వెరీ సీక్రెట్ సర్వీస్’, ‘రిప్రజెంట్’, ‘కాల్ మై ఏజెంట్’. మూడూ ఫ్రెంచ్ కామెడీలే. ఒక్కటే చూసే తీరిక ఉంటే మొదటిదే చూడమంటాను.

కథ 1960లో మొదలవుతుంది. ఆ ఒక్క ఏడాదే ఆఫ్రికాలో 14 ఫ్రెంచ్ వలసలు స్వతంత్ర దేశాలయ్యాయి. ఆంద్రే మెర్లో అనే కుర్రాడు పారిస్‌లో గూఢచారి శాఖలో చేరతాడు. అక్కడ దేశ రహస్యాలకన్నా ఫారం మీద ముద్ర సరిగ్గా పడిందా లేదా అన్నదే పెద్ద విషయం. అల్జీరియా వ్యవహారాలు చూసే జాకార్‌కు అది ఫ్రాన్స్‌లో ఒక భాగం, అంతే. అక్కడివాళ్లు స్వాతంత్ర్యం ఎందుకు అడుగుతున్నారో అతనికి నిజంగానే అర్థం కాదు. అతను రాక్షసుడేమీ కాదు, ఏ ఆఫీసులోనైనా కనిపించే మామూలు ఉద్యోగి. వలస పాలన ఇలాంటివాళ్ల చేతుల మీదుగానే నడిచిందని నవ్విస్తూనే చూపించారు. నన్ను పట్టేసింది అదే. మన కాకినాడ దగ్గరి యానాం కూడా 1954 దాకా ఫ్రెంచివాళ్ల కిందే ఉంది కదా, ఆ ఫైళ్లూ ముద్రలూ చూస్తుంటే నాకది గుర్తొచ్చింది. రచయితల్లో ఒకరైన జాన్-ఫ్రాన్స్వా ఆలాఁ అంతకుముందు రబ్బరు బొమ్మలతో నాయకులను ఆటపట్టించిన ‘లే గిన్యోల్’ కార్యక్రమానికి రాశాడు. ఆ పదును ఇక్కడా తెలుస్తుంది.

2023లో వచ్చిన ‘రిప్రజెంట్’ నేటి కథ. పారిస్ శివారు బోందీలో కుర్రాళ్ల మధ్య పనిచేసే నల్లజాతీయుడు స్టెఫాన్ బ్లే. మేయర్‌తో గొడవపడ్డ వీడియో వైరల్ అయ్యాక దేశాధ్యక్ష ఎన్నికల బరిలోకి దిగుతాడు. నవ్వులు దీంట్లోనే ఎక్కువ. కానీ అక్కడి పార్టీల గురించి, రెండు రౌండ్ల పోలింగ్ గురించి కాస్తయినా తెలియకపోతే సగం చురకలు తగలవు. ఫ్రాన్స్‌లో చదువుకుంటున్న మన పిల్లలైతే దీంతోనే మొదలుపెట్టడం మేలు.

సినిమా తారల వ్యవహారాలు చూసే ఏజెంట్ల కథ ‘కాల్ మై ఏజెంట్’. హిందీలోనూ రీమేక్‌గా వచ్చింది కాబట్టి చాలామందికి తెలుసు. మొదటి ఎపిసోడ్‌లో నటి సెసిల్ ద ఫ్రాన్స్ తన పాత్రలో తానే కనిపిస్తుంది. వయసు ఎక్కువైందని హాలీవుడ్ సినిమాలోంచి తీసేశారన్న మాట ఆమెకు చెప్పడానికి ఏజెంటుకు నోరు రాదు. మనసుకు హత్తుకునే సిరీస్, కానీ వ్యంగ్యం మెత్తన.

ఏది చూసినా ఇంగ్లిష్ డబ్బింగ్ మాత్రం వద్దు, ఫ్రెంచ్ ఆడియోకు సబ్‌టైటిల్స్ పెట్టుకోండి. మన నువ్వు, మీరు లాగే వాళ్లకు ‘తు’, ‘వూ’ ఉన్నాయి. ఎవరు ఎవరిని ఎలా పిలుస్తున్నారో గమనిస్తే ఎవరి స్థానం ఏమిటో మనకు ఇట్టే తెలిసిపోతుంది. డబ్బింగ్‌లో రెండూ ‘యూ’ అయిపోతాయి.