నైల్స్‌లో అమ్మతో మూకీ సినిమాలు

ఇండియా నుంచి వచ్చిన అమ్మానాన్నలకు గోల్డెన్ గేట్ వంతెన, లివర్‌మోర్ గుడి చూపించాక ఇంకెక్కడికి తీసుకెళ్లాలన్నది శాన్‌ఫ్రాన్సిస్కో బే ఏరియాలో అందరికీ ఉండే టెన్షనే. ఇంగ్లీషు సినిమా అంటే అమ్మ ససేమిరా అంటుంది. అందుకే మాటల్లేని సినిమాలకు తీసుకెళ్లాం.

ఫ్రీమాంట్‌లోని నైల్స్‌లో ఎస్సనే కంపెనీ 1912 నుంచి 1916 దాకా సినిమాలు తీసింది. ఇప్పుడక్కడ మూకీల మ్యూజియం ఉంది, అందులోనే 1913 నాటి ఎడిసన్ థియేటర్.

మొదట అమెరికన్ దర్శకుడు గ్రిఫిత్ తీసిన 'ఎ కార్నర్ ఇన్ వీట్' (1909) వేశారు. పావుగంట సినిమా. ఒక షావుకారు గోధుమలన్నీ గుప్పెట్లో పెట్టుకుంటాడు, ఐదు సెంట్ల రొట్టె పది సెంట్లవుతుంది. పిల్లను వెంటబెట్టుకొచ్చిన తల్లి డబ్బులు చాలక ఉత్త చేతులతో వెనుదిరుగుతుంది. "అరువైనా ఇవ్వడేం?" అంది అమ్మ, ముందు వరుసలవాళ్లు తిరిగి చూసేలా. తెరమీద అక్షరాల్లో వచ్చే మాటలు (టైటిల్ కార్డులు) చెవిలో చెప్పబోతే "తెలుస్తోందిలే, ఉండు" అని కసిరింది.

'ది మదరింగ్ హార్ట్' (1913)లో నటి లిలియన్ గిష్ వేసిన ఇల్లాలు మొగుడి సంపాదన చాలక ఊళ్లోవాళ్ల బట్టలు ఉతుకుతుంది. నాలుగు డబ్బులు రాగానే అతను ఇంకొకామె వెంట పడతాడు. బిడ్డ చనిపోయాక ఈమె తోటలోకెళ్లి కర్రతో గులాబీ చెట్లను చితక్కొడుతుంది. ఫోన్లో చూసినప్పుడు నాకు అతిగా అనిపించిన సీనే. తెర పక్కన మనిషి కూర్చుని పియానో వాయిస్తుంటే అలా అనిపించలేదు. ఈ ఒక్కదానికైనా వెళ్లొచ్చు.

వసతి సంగతికొస్తే, నైల్స్‌లో హోటల్ వెతక్కండి. 1915లో చాప్లిన్‌కే ఇక్కడి బస నచ్చలేదు, ఐదు సినిమాలు తీసి లాస్ ఏంజెలెస్ వెళ్లిపోయాడు. మేం ఫ్రీమాంట్‌లో ఫ్రీవే పక్క మోటెల్‌లో దిగాం. గది శుభ్రమే గానీ రాత్రంతా లారీల మోత. ఫ్రీవేకి ఎడంగా ఉన్న గది అడిగి తీసుకోండి. నైల్స్‌లో కొట్లు పెందలాడే కట్టేస్తారు, ఫ్రీమాంట్‌లో దోసె తినే బయల్దేరండి. ఆట వదిలాక క్యాబ్ కోసం చలిలో చాలాసేపు నిలబడ్డాం, సొంత కారుంటే నయం.

మర్నాడు నైల్స్ కాన్యన్‌లో సునోల్ దాకా నడిచే పాతకాలపు రైలెక్కాం. నాన్నకు సినిమాల కంటే అదే నచ్చింది. అది రోజూ నడవదు, తేదీలు చూసుకుని టికెట్లు ముందే తీసుకోండి.