నెట్ స్లోగా ఉన్న ల్యాబ్‌లకి డబ్ల్యూసస్ ఆఫ్‌లైన్ అప్‌డేట్ బెస్టే, కానీ...

ఒకే గదిలో ముప్పై నలభై విండోస్ సిస్టమ్స్ ఉండి, ప్రతీదీ విడివిడిగా అప్‌డేట్స్ లాగుతుంటే నెట్ ఏమైపోతుందో ల్యాబ్ చూసుకునేవాళ్ళకి చెప్పక్కర్లేదు. దానికి ఈ డబ్ల్యూసస్ ఆఫ్‌లైన్ అప్‌డేట్ అనే టూల్ బాగా పనికొస్తుంది. ఫ్రీ, ఓపెన్ సోర్స్, ఇన్‌స్టాల్ చేసే పనే లేదు, ఫోల్డర్ అన్‌జిప్ చేసి అప్‌డేట్ జెనరేటర్ ఓపెన్ చేసి ఏ విండోస్‌కి కావాలో టిక్ పెడితే మైక్రోసాఫ్ట్ సర్వర్ల నుంచే ఒక్కసారి దించుకుంటుంది, తర్వాత ఆ దించినవి ఉండే 'క్లయింట్' ఫోల్డర్‌ని పెన్‌డ్రైవ్‌లో వేస్కోవచ్చు లేదా నెట్‌వర్క్‌లో షేర్ చేసి ప్రతి సిస్టమ్‌లో అప్‌డేట్ ఇన్‌స్టాలర్ నొక్కితే చాలు. డాట్‌నెట్, సీ ప్లస్ ప్లస్ రన్‌టైమ్‌లు (కొన్ని ప్రోగ్రామ్‌లు నడవడానికి కావాల్సినవి) కూడా కలిపేసుకోవచ్చు.

ఆటోమేటిక్ రీబూట్ ఆప్షన్ ఉంది, సూపర్ అసలు, అయితే అది తాత్కాలికంగా ఒక అడ్మిన్ అకౌంట్ క్రియేట్ చేసుకుని లాగిన్ అవుతుంది, కాబట్టి పని మధ్యలో ఆపి వెళ్ళిపోకండి, ఆ అకౌంట్ పోయిందో లేదో చూస్కోండి.

లోటు ఏంటంటే క్రోమ్, విఎల్‌సి లాంటివి దీని పరిధిలో లేవు. ఏ సిస్టమ్‌లో ఏం పెండింగో ఒక్కచోట చూపించే డాష్‌బోర్డ్ కూడా లేదు, ఏం జరిగిందో రాసుండే లాగ్ ఫైల్ చదువుకోవాల్సిందే (ఓపిక కావాలి). పైగా విండోస్ 10కి మామూలు సపోర్ట్ 2025 అక్టోబర్ 14తోనే అయిపోయింది, అంటే దానికి కొత్త అప్‌డేట్స్ మామూలుగా రావు. అయినా పాత సిస్టమ్స్ ఉన్న కాలేజీలకైతే నా ఓటు దీనికే, వందల మెషీన్లున్న ఆఫీసులకి మాత్రం వద్దు.