ఆదివారం డాక్యుమెంటరీ షోకి అమ్మను తీసుకెళ్లాను

నాలుగు స్టార్లు. ఐదోది ఎందుకు ఇవ్వలేదో కింద రాస్తున్నా.

మాసబ్ ట్యాంక్ వైపు మేడ మీదున్న ఈ చిన్న హాల్లో ఆదివారాలు డాక్యుమెంటరీలు వేస్తారని ఫ్రెండ్ చెబితే అమ్మను వెంటబెట్టుకుని వెళ్లాను. టికెట్ లేదు, గుమ్మం దగ్గర డబ్బాలో తోచింది వేయొచ్చు. ముందు చాపలు, వెనక కుర్చీలు. మోకాళ్ల నొప్పులున్నవాళ్లు చూసుకోండి, లిఫ్ట్ లేదు, రెండంతస్తులు ఎక్కాలి. అమ్మ మధ్యలో రెండుసార్లు ఆగింది. పైకి రాగానే అక్కడి అబ్బాయి అడక్కుండానే కుర్చీ వేసి మంచినీళ్లు తెచ్చిచ్చాడు, అది చాలా నచ్చింది.

ఆ రోజు వేసింది 'ఐ యామ్ సమ్‌బడీ'. 1970లో మాడెలిన్ ఆండర్సన్ అనే నల్లజాతి మహిళ తీసిన డాక్యుమెంటరీ, అరగంటే. 1969లో అమెరికాలోని చార్ల్‌స్టన్‌లో ఆసుపత్రి పనివాళ్లు చేసిన సమ్మె గురించి. సుమారు 400 మంది, దాదాపు అందరూ నల్లజాతి ఆడవాళ్లే, గంటకు 1.30 డాలర్ల జీతం, యూనియన్ పెట్టుకుందామన్న 12 మందిని పనిలోంచి తీసేస్తే మిగతావాళ్లు డ్యూటీ మానేసి రోడ్డెక్కారు. 100 రోజులకు పైగా దిగిరాలేదు. ఎదురుగా తుపాకులతో నేషనల్ గార్డ్, అంటే అక్కడి రాష్ట్ర ప్రభుత్వం దింపే సైనిక దళం. భర్త మార్టిన్ లూథర్ కింగ్ హత్య జరిగి అప్పటికి ఏడాదే, అయినా కొరెట్టా స్కాట్ కింగ్ వచ్చి వీళ్ల పక్కన నిలబడింది. అన్నిటికంటే నన్ను కదిలించింది ఏంటంటే, కథ చెప్పేది ఎవరో బయటి గొంతు కాదు, ఆ సమ్మెలో ఉన్న క్లెయిర్ బ్రౌన్ అనే ఆవిడే చెబుతుంది. మన దగ్గర పనివాళ్ల మీద తీసేవాటిలో ఎన్నిసార్లు చూశాం, ఏడ్చేది వాళ్లు, వివరించేది ఇంకెవరో.

మా అమ్మ 18 ఏళ్లుగా ఆసుపత్రిలో ఆయా, ఏజెన్సీ కింద. సినిమా ఇంగ్లిష్‌లో, కింద తెలుగు అక్షరాల్లేవు, పైగా ఫ్యాన్ల చప్పుడుకి సగం మాటలు వినపడలేదు. నేను చెవిలో చెబుతూ పోయాను, చాలా వదిలేశాను కూడా. ఆ 12 మంది సంగతి చెప్పినప్పుడు మాత్రం నా మణికట్టు గట్టిగా పట్టుకుని "మా కాడ గూడ గిట్లనే తీసేసిన్రు బిడ్డా, కాయితం మీద సంతకం పెట్టినమని" అంది. అమ్మ వార్డులో ఆరుగురి పని పోయిన ఆ సంగతి ఇన్నేళ్లలో ఇంట్లో ఒక్కసారి కూడా చెప్పలేదు.

తర్వాత గంటసేపు చర్చ, మొత్తం ఇంగ్లిష్‌లోనే. మాట్లాడినవాళ్లు మంచి విషయాలే చెప్పారు, కాదనను. కానీ వార్డులో బెడ్‌పాన్ ఎత్తిన మనిషి ఆ గదిలో మా అమ్మ ఒక్కతే ఉన్నట్టుంది, మైకు ఆమెదాకా రాలేదు. ఆ ఒక్క స్టారు అందుకే తగ్గించాను.

ఈ సినిమానే మళ్లీ వేయండి, కింద తెలుగు వేసి. అరగంటే కాబట్టి మాటలు నేను రాసిస్తాను, కౌంటర్లో నంబర్ ఇచ్చి వచ్చాను. అమ్మ వార్డులోంచి ఇంకో నలుగురిని తీసుకొస్తానంటోంది. వాళ్లు రెండింటికి డ్యూటీ దిగుతారు, షో నాలుగింటికి పెడితే అందుకుంటారు.