సాగరా, వైజాగ్ కాలనీయా, సోమశిలా: కృష్ణలో పడవ షికారుకు ఏది మేలు?

నల్లగొండ, పాలమూరు వాళ్లకు సముద్రం దూరం. బీచ్ చూడాలంటే రాత్రి బస్సెక్కి తెల్లారేదాకా కూర్చోవాలి. కానీ మీకు కావాల్సింది ఇసుక కాకుండా నీళ్లలోంచి నిట్టనిలువుగా లేచిన రాతి గోడలు, వాటి పక్కనుంచి గంటో రెండు గంటలో పడవ ప్రయాణం అయితే అంత దూరం పోవాల్సిన పని లేదు. మన దక్షిణపు సరిహద్దులో కృష్ణ నల్లమలను కోసుకుంటూ పారుతుంది. శ్రీశైలం, నాగార్జునసాగర్ డ్యాములు కట్టాక ఆ లోయలో నీళ్లు నిలిచాయి. ఒకప్పుడు కొండల నడుములు అనుకున్నవే ఇప్పుడు ఒడ్డులయ్యాయి.

పొద్దున వెళ్లి రాత్రికి ఇల్లు చేరేలా పడవ ఎక్కాలంటే మనకు మూడు చోట్లున్నాయి. నాగార్జునసాగర్ ఒకటి, దేవరకొండ అవతల నేరెడుగొమ్ము మండలంలోని వైజాగ్ కాలనీ ఒకటి, కొల్లాపూర్ పక్కన సోమశిల ఒకటి. నన్ను అడిగితే సోమశిలకే నా ఓటు. అయితే అది అందరికీ సరిపడదు, ఏడాది పొడవునా కూడా సరిపడదు. ఎందుకో చెప్తాను.

ముందు సాగర్ సంగతి. 1955 డిసెంబర్ 10న నెహ్రూ శంకుస్థాపన చేశారు, 1967 ఆగస్టులో ఇందిరాగాంధీ కాలువలకు నీళ్లు వదిలారు. పూర్తి నీటిమట్టం 590 అడుగులు, 26 గేట్లు. ఇవన్నీ మనం బడిలో చదువుకున్నవే. పడవ ఎక్కేవాళ్లకు ఇక్కడ పెద్ద లాభం సౌకర్యం. పెద్ద లాంచీలు, కూర్చోవడానికి సీట్లు, పట్టుకోవడానికి రెయిలింగ్, టికెట్ ఇచ్చే కౌంటర్. మోకాళ్ల నొప్పులున్న అమ్మమ్మను, ఆగకుండా పరుగులు తీసే పిల్లలను వెంటబెట్టుకుని వెళ్తుంటే ఇంకో ఆలోచన వద్దు, సాగర్‌కే పోండి. పైగా అది వట్టి షికారు కాదు, పడవ ఒక చోటికి తీసుకెళ్తుంది. దాదాపు ముప్పావు గంట ప్రయాణం తర్వాత దిగేది నాగార్జునకొండ మీద. క్రీస్తుశకం మూడు, నాలుగు శతాబ్దాల్లో ఇక్ష్వాకులు ఏలిన విజయపురి ఆ లోయలోనే ఉండేది. 1926లో అక్కడి శిథిలాలు బయటి ప్రపంచం కంటపడ్డాయి. డ్యాము కట్టడం ఖాయమయ్యాక 1954 నుంచి 1960 దాకా లోయంతా తవ్వి, దొరికినవాటిలో ముఖ్యమైన కట్టడాలను కొన్నింటిని కొండ మీదికి, కొన్నింటిని ఒడ్డున అనుపు దగ్గరికి తరలించి మళ్లీ నిలబెట్టారు. మీ లాంచీ ఆ రాజధాని మీదుగానే పోతుంది. చరిత్ర అంటే ఇష్టమున్నవాళ్లు ఆ ముప్పావు గంటా ఫోన్ చూసుకుంటూ కూర్చోలేరు.

ఇక రాయి. సాగర్ నీళ్ల మీద నుంచి ఒడ్డులను జాగ్రత్తగా చూడండి. చాలా కొండలకు నెత్తి చదునుగా, కత్తితో కోసినట్టు ఉంటుంది. పై భాగం పొరలు పొరలుగా పేర్చిన గట్టి రాయి, భూగర్భ శాస్త్రంలో దాన్ని శ్రీశైలం క్వార్ట్‌జైట్ అంటారు. దాని అడుగున ఉండేది మన నల్లగొండ గుట్టల్లో అంతటా కనిపించే గ్రానైట్. ఈ రెండు కలిసే గీత దగ్గరే, సాగర్ ఒడ్డున ఉన్న లంబాపూర్, పెద్దగట్టు ప్రాంతంలో యురేనియం ఉందని తేలింది. దాన్ని తవ్వుతామన్న ప్రతిపాదనకు ఊళ్ల నుంచి గట్టి వ్యతిరేకత వచ్చింది. ఆ నీళ్లే హైదరాబాద్ తాగుతోంది, ఆ నీళ్లతోనే ఆయకట్టు పండుతోంది కాబట్టి ఆ వ్యతిరేకత న్యాయమైనదేనని నా అభిప్రాయం.

అయితే సాగర్‌లో ఒక లోటుంది. నీళ్లు చాలా వెడల్పు. లాంచీ నడిమధ్యలో పోతుంది, కొండలు దూరంగానే ఉండిపోతాయి. రాతి గోడ మీద పడ్డ నెర్రెలు, వాటిలో వేళ్లు దించిన చెట్లు, నీళ్లు దిగినప్పుడు మిగిలిన తెల్లటి చారలు కంటికి దగ్గరగా ఆనవు. సెలవు రోజుల్లో, మరీ ముఖ్యంగా ఆగస్టులో గేట్లు ఎత్తిన వారంలో జనం విపరీతం. కొండ మీది మ్యూజియానికి శుక్రవారం సెలవు. ఇంకో ముఖ్యమైన విషయం, కొండ ఇప్పుడు ఆంధ్రప్రదేశ్‌లోని పల్నాడు జిల్లాలో ఉంది. కొండకు లాంచీ ఆ రోజు ఏ ఒడ్డు నుంచి ఉందో, మన వైపు నుంచి ఎక్కితే కొండ దాకా పోతుందో, ఊరికే ఒక చుట్టు తిప్పి తెస్తుందో ఫోన్ చేసి కనుక్కుని బయలుదేరండి. మన ఒడ్డున 2022లో ప్రారంభమైన బౌద్ధ థీమ్ పార్కు బుద్ధవనం కూడా ఉంది కాబట్టి లాంచీ దొరక్కపోయినా రోజు వృథా కాదు.

వైజాగ్ కాలనీ సాగర్ వెనుక జలాల మీదే ఉంది కానీ పూర్తిగా వేరే లోకం. విశాఖ వైపు నుంచి చేపల వేటకు వచ్చిన కుటుంబాలు అక్కడ స్థిరపడ్డాయి. కడలి మీద బతికినవాళ్లు కృష్ణ ఒడ్డున ఊరు కట్టుకున్నారన్నమాట. ఇక్కడ కౌంటరూ టికెట్టూ ఏమీ ఆశించకండి. వేటకు పోయే పడవలే, వాటి మనుషులే. బేరం మాట్లాడుకుంటే చుట్టూ ఉన్న గుట్టల నడుమ తిప్పుతారు. పడవ చిన్నది కాబట్టి ఒడ్డుకు దగ్గరగా పోతుంది, సాగర్‌లో దొరకని ఆ దగ్గరితనం ఇక్కడుంది. తిరిగొచ్చాక అప్పుడే పట్టిన చేప వేయించి పెడతారు. తిండి కోసమే అయితే మూడింటిలో ఇదే ముందుంటుంది, అందులో నాకు అనుమానం లేదు. ఈ నీళ్ల మీదే ఏలేశ్వరం గట్టు కూడా ఉంది. పాత ఏలేశ్వరం సాగర్‌లో మునిగిపోయింది. గట్టు మీది మల్లయ్య దగ్గరికి శివరాత్రికి జనం పడవల్లోనే వెళ్తారు. కానీ కాలనీలో దొరికే పడవల గురించి నాకో భయముంది, అది కింద చెప్తాను.

ఇప్పుడు సోమశిల. బయలుదేరే ముందు ఒక్క మాట, మ్యాప్‌లో సోమశిల అని కొట్టగానే నెల్లూరు జిల్లాలోని సోమశిల ప్రాజెక్టు కూడా వస్తుంది. మనం పోవాల్సింది నాగర్‌కర్నూల్ జిల్లా, కొల్లాపూర్ మండలం. కొల్లాపూర్ దాటాక పది కిలోమీటర్ల లోపే రేవు.

తుంగభద్రను కలుపుకొని వచ్చిన కృష్ణ ఇక్కడ నల్లమలలోకి దూరుతుంది. అవతలి ఒడ్డు ఆంధ్ర వైపు సిద్దేశ్వరం, ఇవతలి ఒడ్డు మనది. సాగర్ లాగా విశాలంగా పరుచుకోకుండా నది కొండల మధ్య మలుపులు తిరుగుతుంది. పడవ అమరగిరి వైపు సాగుతుంటే ప్రతి మలుపులో ఇంకో గోడ ఎదురొస్తుంది. ఎరుపు, పసుపు, బూడిద రంగుల పొరలు ఒకదాని మీద ఒకటి, అచ్చం పాత పుస్తకాల దొంతర లాగా. ఇంజన్ ఆపమని అడిగితే ఆపుతారు. అప్పుడు గోడకు తగిలి తిరిగొచ్చే అలల చప్పుడు, పక్షుల అరుపులు వినిపిస్తాయి. రాతి ఒడ్డును దగ్గరనుంచి, తీరిగ్గా చూడటమే ముఖ్యమైతే దక్షిణ తెలంగాణలో దీనికి సాటి లేదు. పుట్టిలో చేపలు పట్టేవాళ్లు కూడా కనిపిస్తారు. ఆ గుండ్రటి పుట్టిని ఒక్క తెడ్డుతో ఎటు కావాలంటే అటు తిప్పే నేర్పు చూసి తీరాలి.

ఈ మధ్య సోమశిలను 'మినీ మాల్దీవులు' అని వీడియోలు తీసి పెడుతున్నారు. ఆ పేరు నాకు నచ్చదు. ఆ నీళ్ల కింద ఏముందో తెలిస్తే ఎవరికీ నచ్చదేమో. శ్రీశైలం ప్రాజెక్టు కింద అటూ ఇటూ కలిపి వందకు పైగా ఊళ్లు మునిగాయి. పాలమూరు రైతులు మంచి భూములు వదులుకున్నారు. మునిగిన కుటుంబాలకు ఉద్యోగాలిస్తామని 1986లో వచ్చిన 98 జీవో అమలు కోసం ఆ ఇళ్ల పిల్లలు దశాబ్దాల తరబడి తిరిగారు. సోమశిల గుడులను కూడా మునక నుంచి తప్పించి పైకి తెచ్చి కట్టారు. జటప్రోలు మదనగోపాలస్వామి ఆలయానిదీ అదే కథ. పడవ ఎక్కే ముందు సోమేశ్వరుడి గుడి చుట్టూ ఒకసారి తిరిగి, అక్కడి పెద్దవాళ్లను పాత ఊరు ఎక్కడుండేదని అడగండి. చేయి చాపి నీళ్ల వైపు చూపిస్తారు. ఆ తర్వాత చేసే ప్రయాణం వేరుగా ఉంటుంది.

సోమశిల అందరికీ కాదని ఎందుకన్నానంటే, ఇక్కడా చిన్న మర పడవలే ఎక్కువ. నది లోతు, గాలి లేస్తే అల కూడా పెద్దదే. 2007 జనవరిలో ఈ ప్రాంతంలోనే కృష్ణ దాటుతూ పడవ మునిగి 61 మంది చనిపోయారు. సోమశిల, సిద్దేశ్వరం మధ్య వంతెన కావాలని జనం అన్నేళ్లు పోరాడింది అందుకే. 2022లో కేంద్రం తీగల వంతెనకు ఆమోదం తెలిపింది. ఇంత జరిగినా సెలవు రోజున రేవులో నిలబడి చూస్తే పడవలో పట్టేదానికన్నా ఎక్కువమంది ఎక్కుతూనే ఉంటారు. "అన్నా, జాకెట్లు ఉన్నయా?" అని అడిగితే "ఏం గాదు సార్, రోజూ తిప్పేటోళ్లమే" అంటారు. వాళ్ల నేర్పు మీద నాకు గౌరవముంది, కానీ గాలికీ బరువుకీ ఆ నేర్పుతో పని లేదు. వైజాగ్ కాలనీలో నా భయం కూడా ఇదే. అది వేట పడవ, మనుషులను తిప్పడానికి చేసింది కాదు. జాకెట్ ఒంటికి కట్టుకుని బకిల్ పెట్టుకున్నాకే పడవ కదలాలి. సీటు కింద పడేసి ఉంటే ఉన్నా లేనట్టే. పిల్లల సైజు జాకెట్ లేకపోతే పిల్లలను ఎక్కించకండి. సెల్ఫీ కోసం అందరూ ఒకే పక్కకు రాకండి. ఈత వచ్చు కదా అని మధ్యలో దిగకండి, మొసళ్లున్న నీళ్లు ఇవి. సాయంత్రం నాలుగు దాటాక, మబ్బు పట్టినప్పుడు వద్దే వద్దు.

మూడు చోట్లకూ వర్తించేది నీటిమట్టం. మామూలుగా జూలై, ఆగస్టుల్లో ఎగువ నుంచి వరద వచ్చి ముందు శ్రీశైలం నిండుతుంది, ఆ తర్వాత సాగర్. వరద పోటు మీదున్నప్పుడు పడవలు ఆపేస్తారు, ఆపాలి కూడా. దసరా నుంచి సంక్రాంతి దాకా నిండుగా, నిలకడగా ఉంటుంది. పేపర్లో రోజూ వచ్చే మట్టాలు చూసుకోండి. శ్రీశైలం పూర్తి మట్టం 885 అడుగులు. దానికి దగ్గరగా ఉంటే సోమశిలకు, శ్రీశైలం బాగా తగ్గి సాగర్‌లో మాత్రం నీళ్లుంటే సాగర్‌కు పోండి.

సాగర్ నుంచి శ్రీశైలానికి, సోమశిల నుంచి శ్రీశైలానికి పర్యాటక శాఖ నడిపే పెద్ద లాంచీలు కూడా ఉన్నాయి. 2024 నవంబర్‌లో సాగర్ లాంచీ మళ్లీ మొదలైనప్పుడు పెద్దలకు ఒకవైపు టికెట్ 2,000 రూపాయలు. నల్లమలను లోపలి నుంచి చూపించే ప్రయాణమే, కానీ ఆరేడు గంటలు పడుతుంది. మూడో గంటకల్లా పిల్లలకు విసుగు, పెద్దలకు నడుము నొప్పి. అడవి మీద నిజంగా ప్రేమ ఉన్నవాళ్లు, శ్రీశైలంలో ఆ రాత్రి ఉండి దర్శనం చేసుకోవాలనుకునేవాళ్లు ఎక్కండి. షికారు కోసమే అయితే వద్దు.

ఇక వేసవిలో వెళ్లేవాళ్ల సంగతి. మార్చి తర్వాత శ్రీశైలం నీళ్లు బాగా దిగితే సోమశిలలో గోడల కింద బురద తేలి అందం తగ్గుతుంది. కానీ అప్పుడే అవతలి వైపు, ఏడు నదులు కలిసే చోటని చెప్పే సంగమేశ్వరం గుడి బయటపడుతుంది. ఏడాదిలో ఎక్కువ భాగం నీళ్లలోనే ఉండే ఆ గుడిలో వేప చెక్క లింగాన్ని ధర్మరాజు ప్రతిష్ఠించాడని నమ్ముతారు. కొత్త నీరు వచ్చి గుడిని ముంచేదాకా పూజలు జరుగుతాయి. వేసవిలో సోమశిలకే పోవాలని పట్టుబట్టేవాళ్లు రాతి గోడల సంగతి పక్కన పెట్టి, ఆ రోజు సంగమేశ్వరానికి పడవ ఉందో లేదో రేవులో కనుక్కుని, ఎండ ముదరకముందే దాటి రండి.